పీ-వన్ ఫారంలో 'మదర్ టంగ్' గడి దగ్గర ఆగిపోయాం: తమిళమా, హిందీయా? (సింగపూర్)

సెంగ్‌కాంగ్ అమ్మ:

అందరికీ నమస్తే. మేం సింగపూర్ వచ్చి ఐదేళ్లయింది, పోయినేడు పీఆర్ (శాశ్వత నివాసం) వచ్చింది. పాప వచ్చే జనవరిలో పీ-వన్‌లో, అంటే ప్రైమరీ ఒకటో తరగతిలో చేరాలి. ఇంటికి కిలోమీటరు లోపల రెండు స్కూళ్లున్నాయి, ఫేజ్ 2సీ అనే అడ్మిషన్ దశలో సిటిజన్ల తర్వాతే మనం కాబట్టి బ్యాలెట్‌లో (లాటరీలో) వస్తే వస్తుంది, లేకపోతే ఇంకోటి చూసుకుంటాం, దాని గురించి నాకు పెద్ద బెంగ లేదు. నా టెన్షన్ అంతా మదర్ టంగ్, అంటే స్కూల్లో ఇంగ్లీషుతో పాటు చదవాల్సిన భాష, ఏదో రాయమనే గడి గురించి.

చైనీస్, మలయ్, తమిళం ఉన్నాయి. ఇవి కాకుండా హిందీ, బెంగాలీ, గుజరాతీ, పంజాబీ, ఉర్దూ తీసుకోవచ్చు అన్నారు. తెలుగు లేదు. లేదని ముందే విన్నాను గానీ, కూర్చుని చూస్తే మనసు చివుక్కుమంది. మా ఇంట్లో తెలుగే మాట్లాడతాం, పాప మాత్రం ప్రీస్కూల్ పుణ్యమా అని సగం ఇంగ్లీషులో జవాబిస్తుంది.

మా ఆయన హిందీ అంటారు, రేపు తిరిగి వెళ్లిపోవాల్సి వస్తే పనికొస్తుందని. నాకేమో తమిళమైతే దగ్గరగా ఉంటుంది కదా అనిపిస్తుంది, కింది ఫ్లోర్‌లో తమిళ పిల్లలతోనే రోజూ ఆడుతుంది. ప్రీస్కూల్లో ఒకావిడ "చైనీస్ పెట్టండి, ఉద్యోగాలకి మంచిది" అంది. మా అత్తగారు ఫోన్లో "మన భాషే రాయండి, అంత ఆలోచన దేనికి" అన్నారు, ఆవిడకి ఎలా చెప్పాలో తెలియలేదు.

తెలుసుకోవాల్సినవి: హిందీ స్కూల్లోనే చెప్తారా, శనివారాలు బయటికి తీసుకెళ్లాలా? ఇవి ప్రైమరీ చివర రాసే పీఎస్ఎల్ఈ పరీక్షలో నిజంగా లెక్కలోకి వస్తాయా? ఒకసారి రాశాక మార్చుకోవచ్చా? పాప కొంచెం బిడియస్తురాలు, ఆ పీరియడ్‌లో ఒంటరైపోతుందేమో అని కూడా ఉంది.

ఇద్దరు పిల్లల తల్లి:

మాది హిందీ అండి. పెద్దవాడు పీ-ఫైవ్, చిన్నది పీ-టూ, కాబట్టి రెండు రకాలూ చూశాను.

హిందీకి రెండు పద్ధతులు. కొన్ని స్కూళ్లలో మిగతా పిల్లలు చైనీస్, మలయ్, తమిళం క్లాసులకి వెళ్లే టైంలోనే హిందీ టీచర్ వచ్చి చెప్తారు, దాన్ని ప్యారలల్ క్లాస్ అంటారు. అది లేని స్కూలైతే వారాంతంలో సెంటర్‌కి వెళ్లాలి, హిందీ సొసైటీ, డీఏవీ హిందీ స్కూల్ వాళ్లు నడుపుతారు. చిన్నదానికి ప్యారలల్ దొరికింది, హాయి. పెద్దవాడికి లేదు. ఐదేళ్లుగా మా ఇంట్లో శనివారం అనేది లేదు. పుట్టినరోజు పార్టీలు, స్విమ్మింగ్, ఊరి నుంచి ఎవరైనా వస్తే వాళ్లతో జూకి వెళ్లడం, అన్నీ హిందీ క్లాసు చూసుకునే. "మమ్మీ, నాకు ఎందుకు ఆరు రోజులు స్కూలు" అని అడిగితే చెప్పడానికి నా దగ్గర ఏమీ లేదు.

స్కూల్లో ఆ పీరియడ్‌లో వాడు ఏం చేస్తాడంటే, లైబ్రరీలో కూర్చుని ఏదో వర్క్‌షీట్ చేసుకుంటాడు. మొదట్లో నాకూ మీలాగే బాధేసింది. తీరా చూస్తే అక్కడ ఇంకో ముగ్గురున్నారు, ఒకడు పంజాబీ, ఇద్దరు బెంగాలీ, వాడి బెస్ట్ ఫ్రెండ్స్ వాళ్లే ఇప్పుడు. కాబట్టి ఒంటరితనం గురించి మరీ బెంగ పెట్టుకోకండి.

అసలు కష్టం ఇంకోటి. ఇంట్లో ఎవరూ హిందీ మాట్లాడం. నాకు టీవీ హిందీ వచ్చు, అంతే. అక్షరాలు రెండు నెలల్లో వచ్చేశాయి, మన అఆఇఈలూ కఖగఘలూ అక్కడా ఉన్నాయి కదా, ఆ విషయంలో మనవాళ్లకి సుఖం. ఆ తర్వాత లింగాల దగ్గర పడ్డాం. కితాబ్ (పుస్తకం) ఆడదట. మీరు రొట్టె తింటే 'ఖాయీ', మామిడిపండు తింటే 'ఖాయా', తిన్నది మగపిల్లాడైనా ఆడపిల్లయినా సరే. మావాడు "తిన్నవాడిని నేను కదా, పండుని చూసి క్రియ ఎందుకు మారాలి" అంటాడు. నిజమే కదా. పీ-త్రీ నుంచి ట్యూషన్ పెట్టాం.

ముందు స్కూలుకి ఫోన్ చేసి ప్యారలల్ ఉందో లేదో కనుక్కోండి, ఉందంటే ఈ ఏడాది ఉందా ఎప్పుడూ ఉంటుందా అని కూడా అడగండి. మీ ఆయనా మీరూ వాదించుకునేది దాని తర్వాత పెట్టుకోండి.

యూషున్ నాన్న:

తమిళం తీసుకున్న ఇంటి నుంచి. అమ్మాయి ఇప్పుడు సెకండరీలో ఉంది.

ముందు పీఎస్ఎల్ఈ సంగతి, ఎందుకంటే చాలామంది మదర్ టంగ్‌ని సైడు సబ్జెక్టు అనుకుంటారు. కాదు. ఇంగ్లీషు, మ్యాథ్స్, సైన్స్, మదర్ టంగ్, నాలుగూ సమానం. 2021 నుంచి ఏఎల్ (అచీవ్‌మెంట్ లెవెల్) స్కోర్లు వచ్చాయి, 90 గానీ ఆపైన గానీ వస్తే ఏఎల్1, 85 నుంచి 89 ఏఎల్2, అలా దిగుతూ 20 కన్నా తక్కువైతే ఏఎల్8. నాలుగు సబ్జెక్టులవీ కూడతారు, అంటే 4 వస్తే అందరికన్నా పైన, 32 అయితే అడుగున. తక్కువ వస్తే మంచిది అని మా నాన్నగారికి అర్థమయ్యేసరికి ఓ వారం పట్టింది. ఇందులో గమనించాల్సింది ఏంటంటే మధ్యలో మెట్లు పెద్దవి. 65 నుంచి 74 దాకా ఒకటే ఏఎల్5, 45 నుంచి 64 దాకా ఒకటే ఏఎల్6. మ్యాథ్స్‌లో చచ్చీ చెడీ ఏఎల్2 తెచ్చుకున్న పిల్ల, భాషలో 64 దగ్గర ఆగి ఏఎల్6 అయితే ఆ కష్టం అంతా అక్కడే పోతుంది. హిందీకీ ఇదే లెక్క, చైనీస్‌కీ ఇదే.

కాకపోతే పాత రోజుల్లో ఉన్నంత భయం ఇప్పుడు అక్కర్లేదు. ఎక్స్‌ప్రెస్, నార్మల్ అని పిల్లల్ని విడగొట్టే పద్ధతి 2024లో సెకండరీ వన్‌లో చేరినవాళ్ల నుంచి పోయింది. మొత్తం 20 లోపు వస్తే అన్నిటికన్నా పైదైన పోస్టింగ్ గ్రూప్ 3, ఆ తర్వాత సబ్జెక్టు వారీగా జీ1, జీ2, జీ3 స్థాయిలు, జీ3 పైది. ఒకదాంట్లో వెనకబడితే ఆ ఒక్కటే కింది స్థాయిలో చదవొచ్చు. ఆ 2024 బ్యాచ్ పిల్లలే 2027లో సెకండరీ చివరి ఓ-లెవెల్, ఎన్-లెవెల్ పరీక్షల బదులు కొత్త సర్టిఫికెట్ పరీక్ష మొదటిసారి రాసేది.

ఇక తమిళం. వినడానికి దగ్గరే, కన్ను కణ్, పాలు పాల్, ఊరు ఊర్. వాక్యం కూడా మనలాగే నడుస్తుంది, క్రియ చివర్లో, హిందీలోలాగా పుస్తకం ఆడా మగా అనే గొడవ లేదు. అయితే రెండు గుంటలున్నాయి. ఒకటి, క ఖ గ ఘ నాలుగింటికీ ఒకటే అక్షరం. గాంధీ అని రాయాలంటే 'కాంది' అని రాసి గాంధీ అని చదవాలి. మన అక్షరాలు ముందే నేర్పిన పిల్లకి ఇది వింతగా ఉంటుంది. రెండోది, రాసే తమిళం వేరు, మాట్లాడే తమిళం వేరు. పుస్తకంలో 'పోగిఱేన్', నోట్లో 'పోరేన్'. కింది ఫ్లోర్ పిల్లలతో ఆడి నేర్చుకున్నది రెండో రకం. అది మాట్లాడే పరీక్షలో ఆదుకుంటుంది, వ్యాసం దగ్గర ఆదుకోదు.

మొదటి రెండేళ్లు మా అమ్మాయికి కష్టంగానే గడిచాయి, క్లాసులో చాలామందికి అది ఇంటి భాష, తనకి కాదు. టీచర్ మాత్రం బంగారం. పీ-త్రీ నుంచి గాడిలో పడింది. ఒక సౌకర్యం ఏంటంటే ఇక్కడ తమిళం అధికార భాష, బోర్డుల మీద ఉంటుంది, వసంతం టీవీ ఛానెల్ ఉంది, లైబ్రరీలో పిల్లల పుస్తకాలు బోలెడు. బయట కనిపించే భాష చదవడం వేరు, క్లాసులో మాత్రమే కనిపించే భాష చదవడం వేరు.

ఇంకోటి, తమిళం కూడా అన్ని స్కూళ్లలో ఉండదు. ఎస్ఏపీ స్కూళ్లని ఉంటాయి, అక్కడ మదర్ టంగ్ చైనీస్ ఒక్కటే. పేరు బాగుందని రాసేసి తర్వాత చూసుకునేవాళ్లని చూశాను.

చైనీస్ బాధితురాలు:

నవ్వకండి, పేరు నిజమే. మేం చైనీస్ పెట్టాం. అడిగితే ఒప్పుకున్నారు, పాప ప్రీస్కూల్లో నాలుగేళ్లు చైనీస్ పాటలు పాడేది కదా, వచ్చేసినట్టే అనుకున్నాం. ఇప్పుడు పీ-త్రీ. వారం వారం టీచర్ చెప్తుంటే విని రాసే పరీక్ష ఉంటుంది, దానికి ముందు రోజు రాత్రి మా ఇంట్లో యుద్ధం. ఒక్కో అక్షరం ఇరవై సార్లు రాయించాలి, తప్పో ఒప్పో చెప్పడానికి నాకు రాదు, ఫోన్‌లో ఫోటో తీసి చూసుకుంటాను. తోటి పిల్లలకి ఇంట్లో అమ్మమ్మలు తాతయ్యలు మాండరిన్ మాట్లాడతారు, మా పాపకి నేనూ యూట్యూబూ.

పాపకి ఇష్టమే, అది వేరే సంగతి. క్యాంటీన్ ఆంటీతో చైనీస్‌లో బేరాలాడుతుంది. కానీ ఉద్యోగాల కోసం అని మాత్రం పెట్టకండి, ఆరేళ్ల పిల్లకి ఉద్యోగం ఏంటండీ.

మార్చుకోవచ్చా అన్నారు కదా. మేం పీ-టూలో అడిగి చూశాం. స్కూలు వాళ్లు కాదనలేదు, కానీ కారణాలు రాయమన్నారు, "ఇంకో భాషలో రెండేళ్లు వెనకబడి మొదలుపెడుతుంది, ఆలోచించుకోండి" అన్నారు. ఆలోచించుకుని ఊరుకున్నాం.

కొత్తగా చేరాను:

మధ్యలో వస్తున్నందుకు సారీ. మాకు బాబు, పీఆర్ తీసుకుంటే ఎన్ఎస్ (తప్పనిసరి సైనిక సేవ) చేయాలి అంటున్నారు, ఆ లెక్కన స్కూలు కోసమే పీఆర్ తీసుకోవడం…

ఇద్దరు పిల్లల తల్లి:

బాబూ, దానికి వేరే థ్రెడ్ పెట్టండి. అది మొదలైతే ఇది ఇక ఉండదు.

మూడు తరాల తెలుగు:

నేను ఇక్కడే పుట్టి పెరిగాను. నా తెలుగు టైపింగ్‌లో తప్పులుంటే క్షమించండి, చదవడం రాయడం ముప్పై దాటాక నేర్చుకున్నాను.

మా తాత ఇక్కడికి వచ్చాడు. మా నాన్న 1960ల్లో చదివాడు, అప్పుడు సింగపూర్ 1963 నుంచి 1965 దాకా మలేసియాలో భాగం, మలయ్ నేర్చుకుంటే మంచిదని ఆయనకి మలయ్. నేను 1988లో పీ-వన్, అప్పటికి హిందీ లాంటివి ఇంకా రాలేదు, తమిళులు కాని మనలాంటి వాళ్లకి తమిళమో మలయో. నాకు తమిళం పడింది. మా ఆవిడ హిందీ వాళ్లమ్మాయి, కాబట్టి మా పాపకి ఇప్పుడు స్కూల్లో హిందీ. ఒకే ఇంట్లో మూడు తరాలు, మూడు మదర్ టంగ్‌లు, ఒక్కటీ తెలుగు కాదు.

ఈ మాట ఎందుకు చెప్తున్నానంటే, మీరు ఆ గడిని చూసి 'మన భాష' గురించి బాధపడుతున్నారు. ఆ గడి మీ ఇంట్లో ఏం మాట్లాడతారని అడగట్లేదు. మీరు ఏ జాతి, ఆ జాతికి మా దగ్గర ఉన్న భాషల్లో ఏది కావాలి అని అడుగుతోంది. 1966లో సెకండరీలో కూడా రెండో భాష తప్పనిసరి చేసినప్పటి నుంచి ఉన్న ఆలోచనే ఇది. చదువు ఇంగ్లీషులో సాగుతుంది, మూలాలు మాత్రం ఎవరివి వాళ్లకి ఉండాలి, మూలాలంటే చైనీస్, మలయ్, తమిళం. మా తోటి చైనీస్ పిల్లల ఇళ్లలో హొక్కియెన్, టియోచ్యూ, కాంటొనీస్ మాట్లాడేవారు, స్కూల్లో వాళ్లకి మదర్ టంగ్ మాండరిన్. వాళ్ల అమ్మమ్మలకి మాండరిన్ రాదు. కాబట్టి ఈ ముల్లు మనకొక్కరికే గుచ్చుకోలేదు.

నాకు బాగా గుర్తున్నది ఆ గంట. అప్పటిదాకా అందరం ఒక క్లాసు. పొద్దున్నే జెండా దగ్గర జాతీయగీతం మలయ్‌లో పాడతాం, గుండె మీద చెయ్యి పెట్టి జాతి, భాష, మతం తేడా లేకుండా ఒక్కటిగా ఉంటాం అని ప్రతిజ్ఞ ఇంగ్లీషులో చెప్తాం. తర్వాత మదర్ టంగ్ గంట మోగుతుంది, అందరూ పుస్తకాలు పట్టుకుని తలో గదికీ వెళ్లిపోతారు. ఎక్కువమంది చైనీసే కాబట్టి వాళ్లు ఉన్నచోటే ఉంటారు, లేచి వెళ్లేది మేమే. పిల్లగా ఉన్నప్పుడు ఇదేమీ అనిపించేది కాదు, కారిడార్‌లో నడవడం సరదా. పెద్దయ్యాకే ఆలోచన వచ్చింది, రోజూ గది ఖాళీ చేసేది మేమే కదా అని. ఇది ఫిర్యాదు కాదు, మా స్నేహాలు నిజమైనవే, ఇప్పటికీ నా పెళ్లి ఫోటోలో సగం మంది ఆ క్లాసువాళ్లే.

జులై 21న రేషియల్ హార్మొనీ డే చేస్తారు, మీ పాపకీ వస్తుంది. 1964లో అదే తారీకున ఇక్కడ జాతుల గొడవలు జరిగాయి, అది మర్చిపోకూడదని. అందరూ వాళ్లవాళ్ల బట్టల్లో వస్తారు. మా అమ్మాయి పరికిణీ ఓణీ వేసుకుని వెళ్తే టీచర్ "ఓ, హిందీ డ్రెస్" అందట. ఇంటికొచ్చి పడీ పడీ నవ్వింది.

అసలు విషయం: నాకు తమిళం బాగా వచ్చు, తమిళ్ మురసు పేపర్ చదువుతాను. దానివల్ల నష్టమేమీ జరగలేదు. నష్టం ఎక్కడ జరిగిందంటే, స్కూల్లో ఒక ఇండియన్ భాష నేర్చుకుంటున్నాడు కదా అని ఇంట్లో తెలుగు అక్షరాలు ఎవరూ చూపించలేదు. నాయనమ్మ ఉత్తరాలు పెట్టె నిండా ఉన్నాయి, ఆవిడ పోయాక ఎనిమిదేళ్లకి గానీ చదవలేకపోయాను. కాబట్టి తమిళమో హిందీయో ఏది కుదిరితే అది రాయండి, మ్యాథ్స్ లాగా అదొక సబ్జెక్టు. తెలుగు దాంతో పోటీలో లేదు, దాన్ని ఆ గడిలో వెతక్కండి, విడిగా చూసుకోండి. సింగపూర్ తెలుగు సమాజం 1975 నుంచి ఉంది, అక్కడ అడిగితే పిల్లల సంగతి ఎవరో ఒకరు చెప్తారు. క్లాసు లేకపోయినా రాత్రి పడుకునే ముందు ఒక పేజీ చాలు.

యూషున్ నాన్న:

అన్నా, ఆ ఉత్తరాల మాట దగ్గర ఆగిపోయాను. మా అమ్మాయికి తెలుగు మాట్లాడటం వచ్చు, చదవడం రాదు. ఈ వేసవి… ఇక్కడ వేసవి ఏముంది, జూన్ సెలవుల నాలుగు వారాల్లో మొదలుపెడతాను.

ఒక్కదానికి మాత్రం ఒప్పుకోను. మ్యాథ్స్ లాగా సబ్జెక్టు అన్నారు గానీ, పిల్లలు అలా తీసుకోరు. పాఠాల్లో పొంగల్, దీపావళి, తాతమామ్మల కథలు, మంచి నడవడి పాఠాలు కూడా ప్రైమరీలో చాలావరకు ఆ భాషలోనే చెప్తారు. మా అమ్మాయి కొన్నాళ్లు "మనం తమిళ్ కదా నాన్నా" అనేది. అది తప్పు అని కాదు, ముందే తెలిసుంటే మంచిదని.

సెంగ్‌కాంగ్ అమ్మ:

ఇంత వివరంగా రాస్తారనుకోలేదు, అందరికీ చాలా థాంక్స్. రెండు స్కూళ్లకీ ఫోన్ చేశాను. రెండింట్లోనూ తమిళం ఉంది, హిందీ ప్యారలల్ ఒక దాంట్లోనే ఉంది, అది కూడా "పిల్లల సంఖ్యను బట్టి" అన్నారు. శనివారాల సంగతి చదివి వినిపిస్తే మా ఆయన కాసేపు మాట్లాడలేదు, ఆయన క్రికెట్ శనివారమే. తమిళం రాస్తున్నాం. ఉత్తరాల గురించి చదివాక మా అత్తగారికి ఫోన్ చేసి, వారానికి ఒక ఉత్తరం చేత్తో రాసి ఫోటో పంపమని అడిగాను, పాపకి. "ఏం రాయాలి" అని అప్పుడే నాలుగుసార్లు అడిగారు.

ఇంకొక్కటి, పీ-వన్‌లో మొదటి వారం ఎలా ఉంటుంది? తనే వెళ్లి తిండి కొనుక్కోవాలట కదా?

ఇద్దరు పిల్లల తల్లి:

కొనుక్కోవాలి. రీసెస్ అరగంట, అందులో లైను, తినడం, ట్రే తిరిగి పెట్టడం అన్నీ అయిపోవాలి. మొదటి రోజుల్లో పై క్లాసు పిల్లనొకరిని బడ్డీగా ఇస్తారు, చెయ్యి పట్టుకుని తీసుకెళ్తుంది. ఇప్పటినుంచే చిల్లర లెక్కపెట్టడం నేర్పండి, మావాడు మొదటి రోజు డబ్బులన్నీ ఆంటీ చేతిలో పోసి నిలబడ్డాడట. శాకాహారమైతే ఏ స్టాల్‌లో ఏముంటుందో ఓరియంటేషన్ రోజే చూసుకోండి, లేదంటే డబ్బా కట్టండి, చాలామంది కడతారు. పరీక్షలు పీ-వన్, పీ-టూల్లో లేవు, 2019లోనే తీసేశారు, ఆ భయం ఇప్పుడే వద్దు. పొద్దున్న ఏడున్నరకల్లా లోపల ఉండాలి, మీ అసలు పరీక్ష అదీ.

యూషున్ నాన్న:

తమిళం రాస్తున్నారు కదా, మొదటి నెలలోనే 'ళ' కాని ఇంకో 'ళ' ఒకటి వస్తుంది, తమిళ్ అనే మాటలో చివరిది. నాలుక వెనక్కి మడిచి గాలిలో ఆపాలి. మీరూ సాధన చేసి పెట్టుకోండి, ఇంటికొచ్చి మిమ్మల్నే అడుగుతుంది.